ఉదర పరీక్షలో తట్టి చూడడాన్ని దాటవేయకండి

ఉదర పరీక్షలో తాకడానికి ముందే స్టెతస్కోప్‌తో ఎందుకు వినాలి, ఆ వరుస తప్పితే ఏమవుతుంది అని ఒక నర్సింగ్ విద్యార్థిని ఇక్కడ అడిగారు. చేత్తో నొక్కితే పేగుల కదలిక మారిపోవచ్చు, నొప్పి ఉన్నచోట చెయ్యి పడితే రోగి పొట్ట బిగించేస్తారు. అందుకే ముందు చూడడం, తరువాత వినడం, ఆపైన తట్టడం, చివరికి తాకడం. ఈ వరుసను విద్యార్థులందరూ అప్పజెబుతారు. అయితే వార్డులో ఏళ్ల తరబడి వారికి నేర్పుతూ నేను గమనించిందేమిటంటే, మూడవదైన తట్టడాన్ని, అంటే పర్కషన్‌ను, దాదాపు ఎవరూ చేయడం లేదు.

వెన్నులో మత్తు ఇచ్చి హెర్నియా ఆపరేషన్ చేసిన ఒక పెద్దాయన ఆ రాత్రి మంచం మీద కుదురుగా ఉండలేక, పెట్టిన సెలైన్ గొట్టాన్ని లాగేయబోతున్నారు. పొట్ట ఉబ్బి ఉంది. గ్యాస్ అని ఒకరు, వయసు వల్ల వచ్చిన తికమక అని మరొకరు తేల్చేశారు. మూత్రం కొద్దికొద్దిగా వస్తూనే ఉందని కుటుంబసభ్యులు చెప్పడంతో అటువైపు ఎవరి ఆలోచనా పోలేదు. నాతో ఉన్న రెండవ సంవత్సరం విద్యార్థిని ఆయన మోకాళ్ల కింద దిండు పెట్టి, ఎడమచేతి మధ్యవేలిని పొట్టపై ఆనించి, దాని మీద కుడిచేతి మధ్యవేలి కొనతో పైనుంచి కిందికి తట్టుకుంటూ వచ్చింది. బొడ్డు వరకు బోలుగా మోగిన శబ్దం, కొంచెం కిందికి రాగానే నిండు కుండను తట్టినట్టు మొద్దుబారింది. అది గ్యాస్ కాదు, నిండిపోయిన మూత్రాశయం. కొద్దికొద్దిగా వస్తున్నది దానిలోంచి పొంగి కారుతున్న మూత్రమే. డాక్టరుకు చెప్పి క్యాథెటర్ వేశాక లీటరుకు దగ్గరగా మూత్రం వచ్చింది, పెద్దాయన కాసేపటికే నిద్రపోయారు. చూపుకు ఉబ్బిన పొట్టలన్నీ ఒకేలా ఉంటాయి. లోపల ఉన్నది గాలా, నీరా, మూత్రమా అన్నది మంచం పక్కన ముందుగా చెప్పేది మన వేళ్లే అని నా దృఢమైన నమ్మకం.

కేస్ షీట్లు చూస్తే మరింత బాధ కలుగుతుంది. ముందు షిఫ్టు వారు రాసిన "పొట్ట మెత్తగా ఉంది, నొప్పి లేదు, పేగు శబ్దాలు ఉన్నాయి" అన్న వాక్యమే దుప్పటి కూడా తొలగించకుండా మళ్లీ రాయబడుతోంది. పేగు శబ్దాలు మామూలుగా నిమిషానికి 5 నుంచి 30 వరకు ఉంటాయని చదివిన వారే, పది సెకన్లు విని "లేవు" అని రాసేస్తున్నారు. లేవని చెప్పాలంటే పూర్తిగా 5 నిమిషాలు వినాలి.

పరీక్షకు ముందు రోగిని మూత్రవిసర్జన చేసి రమ్మనండి. వెళ్లలేకపోతున్నానని వారు చెబితే అదే మీకు దొరికిన మొదటి సమాచారం. చేతులు వెచ్చగా ఉండాలి, నొప్పి ఉన్న భాగాన్ని చివరన తాకాలి, తాకుతున్నంతసేపూ మీ చూపు రోగి ముఖం మీద ఉండాలి. పొట్టలో గుండెలా కొట్టుకునే గడ్డ కనిపించినా, పిల్లల్లో విల్మ్స్ కణితి, అంటే మూత్రపిండంలో వచ్చే క్యాన్సర్ గడ్డ, అనుమానం ఉన్నా తట్టవద్దు, నొక్కవద్దు. పొట్ట చెక్కలా గట్టిగా తగిలితే అక్కడితో చెయ్యి తీసి వెంటనే డాక్టరును పిలవండి, ఆయన వచ్చి చూసేవరకు నోటి ద్వారా ఏమీ ఇవ్వకండి. ఉబ్బు పెరుగుతోందా అని కొలిచేటప్పుడు టేపు పెట్టే చోట చర్మం మీద పెన్నుతో గీత పెట్టండి, లేకపోతే తరువాతి షిఫ్టువారు వేరే చోట కొలిచి వేరే అంకె రాస్తారు.