కెమెరా తర్వాత కొనొచ్చు, ముందు జీతం చీటీ చదవడం రానివ్వండి

ప్రశ్న: మా అమ్మాయి డిగ్రీ చివరి ఏడాదిలో ఉంది. కార్మికుల హక్కులు, సామాజిక న్యాయం మీద డాక్యుమెంటరీలు తీస్తానంటోంది. ఫిల్మ్ స్కూల్లో చేర్చాలా, లా చదివించాలా? – ఒక తండ్రి

జవాబు: కోర్సు గురించి అడిగారు గానీ మీ బెంగ వేరే ఉంది. పిల్ల తిండికి ఎవరి మీదో ఆధారపడుతుందేమోనని, గొడవల్లో ఇరుక్కుంటుందేమోనని. సొంత డాక్యుమెంటరీల మీదే బతికేవాళ్లు తక్కువ, దాచడమెందుకు? చాలామంది ఎడిటింగ్, సౌండ్, సబ్‌టైటిళ్ల పనులతో ఇల్లు నడుపుకుంటూ మధ్యమధ్యలో తమ సినిమా తీసుకుంటారు. ఎడిటింగ్ గట్టిగా వస్తే పస్తులుండదు.

నాకు అసలు గురి లేనిది, ఇప్పుడు జోరుమీదున్న ‘ఇంపాక్ట్ ఫిల్మ్’ (సమాజంలో మార్పు కోసం తీసే సినిమా) పొట్టి కోర్సుల మీద. డ్రోన్ ఎగరేయడం, పోస్టర్ వేయడం నేర్పుతారు. జీతం చీటీ చదవడం మాత్రం నేర్పరు. ఎన్ని గంటలు, ఓవర్‌టైం ఏ లెక్కన, కోతలు దేనికి, చీటీ మీద ఉన్నది కంపెనీ పేరా, కాంట్రాక్టర్ పేరా? ఇవి తెలియకపోతే సినిమా కన్నీళ్ల దగ్గరే ఆగుతుంది. యాజమాన్యం ‘అబద్ధం’ అన్న రోజున చూపించడానికి కాగితం ఉండదు. అమెరికాలో కెంటకీ బొగ్గు గని కార్మికుల సమ్మె 1973లో మొదలైంది. వాళ్ల మధ్యే ఉండి బార్బరా కోపుల్ తీసిన సినిమా బయటికొచ్చింది 1976లో. ఆస్కార్ కూడా గెలిచింది. ఆ ఓపిక ఏ పొట్టి కోర్సులో దొరుకుతుంది?

ఇక ప్రమాదం సంగతి. మీ అమ్మాయి కంటే ముందు ఉద్యోగం పోయేది కెమెరా ముందు మాట్లాడిన మనిషికి. మీ అమ్మాయి ఎవరి గురించి తీయాలనుకుంటోందో ఒక్కసారైనా అడిగారా? ఫీజు లెక్కలైతే అడిగే ఉంటారు! ముఖం మసక చేస్తే చాలదు. చేతి మీది కాలిన మచ్చ, హెల్మెట్ నంబరు, వెనక గోడ మీది షిఫ్ట్ బోర్డు, వీటిలో ఒక్కటి కనబడినా సూపర్‌వైజర్ పోల్చేస్తాడు. పిచ్ మార్చిన గొంతును మళ్లీ మామూలుగా చేయొచ్చు కాబట్టి ఆ మాటల్ని వేరే మనిషితో చదివించాలి. సినిమాలో చూపించడానికి ఒప్పుకోలు మాట్లాడినవాళ్ల భాషలోనే, సంతకానికి ముందు చదివి వినిపించి తీసుకోవాలి. ఎడిటింగ్ అయ్యాక చూపించి మళ్లీ అడగాలి. వద్దంటే ఆ భాగం తీసేయాల్సిందే.

స్కూలా, లానా అంటే, ఈ పనికి లా డిగ్రీ అక్కర్లేదు, కార్మిక చట్టాల మీద పట్టుంటే చాలు. స్కూలు వల్ల లాభం తోటివాళ్లు, మొహమాటం లేని విమర్శ. ముందు మూడు నెలలు ఆగండి. ఫోను, ఒక కాలర్ మైకు చాలు, ఒక్క మనిషి మీద పది నిమిషాల సినిమా తీయమనండి. యంత్రాల మోతలో మాటలు వినబడవు గనక ఇంటర్వ్యూ ఇంటి దగ్గరే, ఫ్యాన్ ఆపి. ప్రతిచోటా ఒక నిమిషం ఉత్త నిశ్శబ్దం రికార్డు చేయాలి, లేకపోతే ఎడిటింగ్‌లో మాటకీ మాటకీ మధ్య శబ్దం తెగిపోతుంది. ఏ రోజు ఫుటేజీ ఆ రోజే రెండు డ్రైవుల్లోకి ఎక్కించి, ఒకటి వేరే ఇంట్లో పెట్టాలి.

తీసుకొచ్చి చూపించినప్పుడు ‘బాగుందమ్మా’ అనేసి లేచిపోకండి. ఎక్కడ విసుగొచ్చిందో, ఏది అర్థం కాలేదో చెప్పండి. ఈలోగా ఏ కోర్సుకీ ఫీజు కట్టొద్దు.