కుక్కల మీద రీసెర్చ్ కూడా చదువే

ప్రశ్న: మా అమ్మాయి ఇంటర్ బైపీసీ సెకండియర్. కుక్కలకు మాటలు ఎట్లా అర్థమవుతాయో రీసెర్చ్ చేస్తానంటోంది. ఆన్‌లైన్‌లో ఏదో డాగ్ బిహేవియర్ సర్టిఫికెట్ కోర్సు చూపించింది, ఫీజు లక్ష పైనే. మాకు వెటర్నరీ చదివించాలని ఉంది. చుట్టాలు నవ్వుతున్నారు. ఏది మంచిది? – ఒక తండ్రి, హనుమకొండ

జవాబు: మీరు రాసినదాంట్లో చుట్టాల మాట ఉంది. బిడ్డకు ఇది ఎందుకిష్టమో, ఏం చదివి ఈ ఆలోచనకు వచ్చిందో ఒక్క ముక్క లేదు. అడిగారా? అడగకపోతే ఈ రోజే కూర్చోబెట్టుకుని అడగండి. నలుగురికి ఏం చెప్పుకోవాలన్న బెంగ మీది. దాన్ని ఆమె నెత్తిన పెట్టకండి.

నవ్వేవాళ్ల సంగతి పక్కన పెట్టండి, ఇది గట్టి సైన్సు. జర్మనీలో రికో అనే కుక్కకు 200కు పైగా వస్తువుల పేర్లు తెలుసని 2004లో జూలియానె కమిన్‌స్కీ బృందం చూపించింది. యజమాని కళ్లను బట్టి కనిపెడుతోందేమోనని వస్తువులను వేరే గదిలో పెట్టి మరీ పరీక్షించారు. అమెరికాలో జాన్ పిల్లీ అనే రిటైర్డ్ సైకాలజీ ప్రొఫెసర్ చేజర్ అనే కుక్కకు మూడేళ్లలో 1,022 బొమ్మల పేర్లు నేర్పారు. మన దేశంలోనే ఐసర్ (కేంద్ర ప్రభుత్వ సైన్సు విద్యాసంస్థ) కోల్‌కతాలో అనిందితా భద్ర వీధికుక్కల మీద పనిచేస్తున్నారు. కొత్త మనిషి రెండు గిన్నెల్లో ఒకదాన్ని చేత్తో చూపిస్తే, దగ్గరికి వచ్చిన కుక్కల్లో దాదాపు 80 శాతం ఆ గిన్నె వైపే వెళ్లాయి. వాటికెవరూ ట్రైనింగ్ ఇవ్వలేదు.

ఇక ఆ సర్టిఫికెట్. దానికి అడ్వాన్సు కూడా కట్టొద్దు. నొక్కితే రికార్డు చేసిన మాట వినిపించే బటన్లతో 'మాట్లాడే' కుక్కల వీడియోలు వచ్చాక ఇలాంటి కోర్సులు పుట్టగొడుగుల్లా లేచాయి. ఈ బటన్ల మీద అమెరికాలోని శాన్‌డియాగోలో ఫెడెరికో రొసానో బృందం 2024లో ఒక పరిశోధన అచ్చువేసింది. 'ఆట', 'బయటికి' లాంటి మాటలకు కుక్కలు తగినట్టే స్పందించాయని తేలింది. అంటే మాట అర్థమవుతోంది. అంతమాత్రాన కుక్క మనతో కబుర్లు చెబుతోందని కాదు. ఈ తేడాను పట్టుకోవడమే రీసెర్చ్. దానికి బయాలజీ, స్టాటిస్టిక్స్, ఏళ్ల ఓపిక కావాలి. కొన్ని వీడియో పాఠాలు చూస్తే అది రాదు. ట్రైనర్‌గా బతకాలనుకునేవాళ్లకు అలాంటి కోర్సు కొంత పనికొస్తుందేమో, మీ అమ్మాయి అడిగేది అది కాదు.

వెటర్నరీ మంచి చదువే, మామునూరులో కాలేజీ కూడా ఉంది. కానీ అక్కడ ప్రధానంగా నేర్పేది జంతువుల వైద్యం. తన ప్రశ్న జంతువు ఎట్లా ఆలోచిస్తుందన్నది. ఐసర్‌లో సీటొస్తే అదే మొదటి మాట. రాకపోతే జువాలజీతో బీఎస్సీ, తర్వాత కాకతీయలోనో ఇంకోచోటో ఎమ్మెస్సీ చేసినా పీహెచ్‌డీ తలుపు మూసుకోదు. హైదరాబాద్ సెంట్రల్ యూనివర్సిటీలో కాగ్నిటివ్ సైన్స్ (మెదడు ఎట్లా ఆలోచిస్తుందో చదివే సైన్సు) కేంద్రం ఉంది.

ఉద్యోగాలు తక్కువ, దాచను. పీహెచ్‌డీకి ఐదారేళ్లు పడుతుంది. అయితే జేఆర్ఎఫ్ (రీసెర్చ్ చేసేవాళ్లకిచ్చే జూనియర్ రీసెర్చ్ ఫెలోషిప్) వస్తే నెలకు 37,000 రూపాయలు ఉంటుంది, అన్నాళ్లూ మీరే పోషించాల్సిన అవసరం ఉండదు. దారి మధ్యలో మనసు మారినా ఎమ్మెస్సీ ఎక్కడికీ పోదు, లెక్చరర్ పోస్టులకు పనికొస్తుంది. మీ బిడ్డ రోడ్డున పడదు సార్.

ఇప్పటికి ఒక్క పని చేయించండి. బైపీసీ పిల్లలు లెక్కలు వదిలేసి ఉంటారు, ఐసర్‌లో మొదట్లోనే అవి ఎదురవుతాయి. పరీక్షలయ్యాక ఎండాకాలం సెలవుల్లో ఇంటర్ మ్యాథ్స్ పుస్తకాలు తెచ్చి ఇవ్వండి. వీధికుక్కలను గమనిస్తానంటే ఆపకండి, కానీ దూరం నుంచే చూడమనండి. కరిస్తే వెంటనే సబ్బుతో కడిగి ఆసుపత్రికి వెళ్లాలి.