అరువు కోటు

అమ్మాయీ,

పాత ఫొటోల్లో మనవాళ్ల బట్టల మీద నువ్వు రాసిన వ్యాసం చదివాను. మీ తాతయ్య కోటు ఫొటో దగ్గర "ఆ రోజుల్లో మావాళ్ల దర్జా" అని రాశావే, అక్కడే ఆగిపోయాను. ఆ కోటు ఆయనదేనని నీకెవరు చెప్పారు? ఫొటో మళ్లీ తీసి చూడు. చేతులు వేళ్ల దాకా జారాయి. భుజాలు ఒంటికి అతకలేదు. కింద పంచె, కాళ్లకు చెప్పుల్లేవు. పాత స్టూడియోల్లో కొక్కేనికి ఒక కోటు వేలాడుతుండేది, పక్కనే దువ్వెన, పౌడరు డబ్బా. వచ్చినవాళ్లందరికీ అదే కోటు. తాతయ్య ఎలా బతికాడో ఆ ఫొటోలో లేదు, ఎలా కనబడాలనుకున్నాడో ఉంది. దాని గురించి రాయి.

పూలజడ ఫొటోని ఒక్క వాక్యంతో సరిపెట్టావు. అన్యాయం! మొహమూ పడాలి, జడా పడాలి, అందుకే పిల్లని అద్దానికి వీపు పెట్టి నిలబెట్టేవారు. జడ కుట్టేసరికి మధ్యాహ్నం అయ్యేది, ఇక మొగ్గలు విచ్చుకోకముందే స్టూడియోకి పరుగు. ఆ వడ్డాణం ఇంట్లోదా, పక్కింటివాళ్లని అడిగి తెచ్చిందా? మీ అత్తయ్యని అడుగు. ఇలాంటివి ఆవిడకే తెలుస్తాయి.

ప్రతి ఫొటో దగ్గరా ఒకటే వెతుకు: ఆ వేషం ఎవరి ఇష్టం? తీయించుకున్నవాళ్లదా, తీసినవాళ్లదా? 1857 తిరుగుబాటు తర్వాత ఇంగ్లీషువాళ్లు 'ది పీపుల్ ఆఫ్ ఇండియా' పేరుతో 1868 నుంచి 1875 దాకా 8 ఫొటో సంపుటాలు అచ్చేశారు. అందులో చాలా ఫొటోల కింద మనిషి పేరుండదు, కులం పేరో తెగ పేరో ఉంటుంది. ఇటు హైదరాబాదులో ఫొటోగ్రాఫర్ రాజా దీన్ దయాళ్ 1892లో జనానా స్టూడియో తెరిచాడు. ఘోషా స్త్రీల కోసం, ఫొటో తీసేదీ ఆడమనిషే. అక్కడికి వెళ్లినావిడ తనకు నచ్చిన చీర కట్టుకునే వెళ్లి ఉంటుంది. ఈ రెండూ పక్కపక్కన పెట్టు, నువ్వు వ్యాఖ్యానించక్కర్లేదు.

అంబేద్కర్ సూటుకి "ఆడంబరం" అన్న మాట కొట్టేయి. 1921లో మదురైలో గాంధీ చొక్కా వదిలి కొల్లాయి కట్టాడు. బారిస్టరు గనక అది త్యాగమైంది. కింది కులాలవాళ్లు ఒంటినిండా గుడ్డ కట్టడమే తప్పన్న చోట అంబేద్కర్ సూటు వేరే సంగతి. తిరువాన్కూరు సంస్థానంలో, కింది కులమని చూసిన నాడార్ స్త్రీలు రొమ్ము కప్పుకునే హక్కు కోసం దశాబ్దాలు కొట్లాడితే 1859లో రాజుగారి ఉత్తర్వు వచ్చింది, అదీ పైకులాల ఆడవాళ్లలా కప్పుకోకూడదన్న షరతు మీద. ఇది తెలిశాక ఆ నీలం సూటు విగ్రహం ముందు నిలబడి చూడు, నీ పేరా నువ్వే మార్చుకుంటావు.

"సంప్రదాయ దుస్తులు" అని రాయకు. చీరైతే ఏ నేత, ఎలా కట్టింది, పైట ఎటు వేసింది, అది రాయి.

తాతయ్య ఫొటో వెనకవైపు కూడా స్కాన్ చేసి పంపు. స్టూడియో ముద్ర ఉంటే ఏ ఊళ్లో తీయించుకున్నాడో తేలుతుంది.