"లేడీ వాయిస్ ఒకటి చాలు" అంటే ఏం చేయాలి?

ప్రశ్న: అక్కా, నాదీ నా ఫ్రెండ్‌దీ తిరుపతే. సంగీత కళాశాలలో కలిసి చదువుకున్నాం, ఇప్పుడు పెళ్ళిళ్ళకీ జాతరలకీ ఒకే ఆర్కెస్ట్రాలో పాడుతున్నాం. మొన్న చిత్తూరులో ఒక రిసెప్షన్‌కి ఆర్గనైజర్ "లేడీ వాయిస్ ఒకటి చాలు" అని తననే పిలిచాడు. తను వెళ్ళి పాడొచ్చింది, నాకు ముందుగా ఒక్క మాట చెప్పలేదు. అప్పట్నుంచి మా మధ్య మాటల్లేవు. నేను అమెరికా కంట్రీ పాటలు బాగా వింటాను. అక్కడి గాయనులు ఒకరి గురించి ఒకరు అంత ప్రేమగా మాట్లాడతారే, అది నిజమేనా, పైపై మాటలేనా?
- ఒక పాఠకురాలు, తిరుపతి

జవాబు: నిజమేనమ్మా. 1961 జూన్‌లో, అమెరికాలో కంట్రీ పాటలకి పుట్టిల్లులాంటి నాష్‌విల్‌ ఊళ్ళో, కారు ప్రమాదం జరిగి పాట్సీ క్లైన్ ఆసుపత్రి పాలైంది. అప్పటికే పేరున్న గాయని. లొరెట్టా లిన్ ఒక బొగ్గుగని కార్మికుడి కూతురు, పాటలు పాడుకోవడానికి అప్పుడే ఆ ఊరికి కొత్తగా వచ్చింది. రేడియోలో పాట్సీ హిట్ పాటనే పాడి ఆమెకు అంకితమిచ్చింది. మంచం మీద ఉన్న పాట్సీ అది విని, నా పాట ఈ పిల్ల పాడడమేంటని అనుకోలేదు, భర్తను పంపించి ఆమెను పిలిపించుకుంది. తర్వాత తన బట్టలిచ్చింది, ఈ రంగంలో ఎలా నెగ్గుకురావాలో చెప్పింది. లొరెట్టాకి అవకాశాలు ఎక్కువవుతున్నాయని కొందరు గాయనులు ఆమెను అడ్డుకోవడానికి మీటింగ్ పెట్టుకుంటే, పాట్సీ ఆమెను వెంటబెట్టుకుని నేరుగా ఆ మీటింగ్‌కే వెళ్ళిందట, లొరెట్టానే చెప్పుకుంది. 1963 మార్చిలో పాట్సీ విమాన ప్రమాదంలో పోయింది, 30 ఏళ్ళే. మరుసటేడు కవల ఆడపిల్లలు పుడితే లొరెట్టా ఒకరికి పాట్సీ అని పేరు పెట్టుకుంది. పైపై స్నేహానికి ఎవరూ కన్నబిడ్డకి పేరు పెట్టుకోరు కదా.

ఆ మీటింగ్ సంగతి ఎందుకు చెప్పానంటే, అక్కడా కుళ్ళు ఉంది, కానీ అది ఎక్కడ పుడుతుందో చూడాలి. ఉన్నదే ఒకటో రెండో చోట్లయితే, పక్కనున్న మనిషి పోటీగానే కనిపిస్తుంది. 2015లో అమెరికాలో కీత్ హిల్ అనే రేడియో సలహాదారు, ఆడవాళ్ళ పాటలు వెంటవెంటనే వేయొద్దని, వాళ్ళు సలాడ్‌లో టమాటాల్లాంటి వాళ్ళని, అంటే అక్కడక్కడా ఉంటే చాలన్నట్టు, బాహాటంగానే అన్నాడు. మీ ఆర్గనైజర్ అన్నదీ అదే మాట. మగ సింగర్లు ముగ్గురున్నా ఎవరూ లెక్కపెట్టరు! కాబట్టి మీ కోపంలో పెద్ద వాటా అతనికి చెందాలి.

అలాగని మీ ఫ్రెండ్ తప్పు లేదనను. వెళ్ళడం తప్పు కాదు, ఇంటి అద్దె ఎవరికైనా ఒకటే, చెప్పకుండా వెళ్ళడం తప్పు. ఆ మాట మీరే ఫోన్ చేసి అడగండి, వాట్సాప్‌లో స్టేటస్‌లు పెట్టి కాదు. ఆమె కూడా మొహం చెల్లక ఊరుకుని ఉండొచ్చు. మాట కలిశాక ఇద్దరూ ఒక ఒప్పందానికి రండి: ఎవరికి పిలుపు వచ్చినా రెండో వాళ్ళకి ముందు తెలియాలి, వెళ్ళలేని ప్రోగ్రాం రెండో వాళ్ళకే ఇప్పించాలి. ఇద్దరు ఆడవాళ్ళు కలిసి పాడే పాటలు కొన్ని గట్టిగా ప్రాక్టీస్ చేసి పెట్టుకోండి. 'లవకుశ'లో లీల, సుశీల కలిసి పాడిన "రామకథను వినరయ్యా" పెళ్ళి మండపంలో మొదలుపెట్టి చూడండి, భోజనాల దగ్గరున్న పెద్దవాళ్ళు కూడా లేచి వస్తారు. అది ఒక్క గొంతుతో అయ్యే పని కాదని ఆర్గనైజర్‌కే తెలుస్తుంది. ఇంకోటి, పాట్సీ డబ్బు చేతిలో పడందే స్టేజీ ఎక్కేది కాదు. అడ్వాన్స్ విషయంలో మీరిద్దరూ ఒకే మాట మీద ఉండండి, ఒకరు తగ్గితే రెండోవారి రేటు కూడా పడిపోతుంది.

ప్రశ్న: కంట్రీ పాటల్లో గాయనులు కలిసి పాడినవి వినాలంటే ఎక్కడ మొదలుపెట్టాలి?
- ఒక పాఠకుడు, చిత్తూరు

జవాబు: డాలీ పార్టన్, లిండా రాన్‌స్టాడ్, ఎమ్మీలూ హ్యారిస్ కలిసి చేసిన 'ట్రయో' ఆల్బమ్ వినండి. 70ల్లోనే మొదలుపెట్టాలని చూశారు, ముగ్గురివీ వేర్వేరు రికార్డింగ్ కంపెనీలు, డేట్లు కుదరక 1987కి గానీ బయటకు రాలేదు. అన్నేళ్ళూ ఆ ఆలోచన వదలలేదు వాళ్ళు. హెడ్‌ఫోన్స్ పెట్టుకుని వింటే మూడు గొంతులూ దేనికది తెలుస్తాయి.