వంకాయ రంగు చీరే కట్టుకో చెల్లెమ్మా

ప్రశ్న: అక్కా నమస్తే. నా వయసు 26, మాది రాజమండ్రి. ఫిబ్రవరిలో పెళ్ళి, ముహూర్తం రాత్రి 11 దాటాక. నాకు చిన్నప్పటినుంచీ మా అమ్మ పెళ్ళి చీరంటే పిచ్చి, వంకాయ రంగు కంచిపట్టు, ఆవపిండి రంగు అంచు. అదే కట్టుకుంటానంటే మా కజిన్స్ అందరూ ఇప్పుడెవరు కడుతున్నారే అలాంటి రంగులు, అందరూ పాస్టెల్సే కదా, ఫొటోల్లో పాతకాలంగా కనిపిస్తావు అంటున్నారు. డెకరేషన్ అతనేమో లేత గులాబీ పూలతో మండపం, నా చీరా పెళ్ళికొడుకు బట్టలూ దానికి మ్యాచ్ అవ్వాలంటున్నాడు. అమ్మ పైకి నీ ఇష్టం అంటుంది గానీ ఆ చీర తీసి రెండుసార్లు ఎండలో పెట్టింది. ఏం చెయ్యమంటారు?

జవాబు: రెండుసార్లు ఎండలో పెట్టిందన్నావు చూడు, అక్కడే ఆగిపోయాను నేను. ఆ చీర కట్టుకో అమ్మా. కాకపోతే పట్టుని నేరుగా ఎండలో పెడితే రంగు వెలుస్తుంది, నీడపట్టున గాలికి ఆరేస్తే చాలని అమ్మకి చెప్పు.

మీ కజిన్స్ చెప్పేది పూర్తిగా తప్పని కాదు. లేత రంగుల మోజు ఎప్పుడు ఊపందుకుందో నాకు బాగా గుర్తుంది, 2017 డిసెంబర్‌లో అనుష్క శర్మ ఇటలీలో లేత గులాబీ లెహంగాలో పెళ్ళి చేసుకుంది, ఆ ఫొటోలు వచ్చాక మన షాపుల్లో కూడా అడగడం మొదలైంది. ఆ రంగు ఆమెకి బావుంది, ఆ తోటలో ఆ పగటి వెలుతురులో ఇంకా బావుంది. నీ పెళ్ళి ఫంక్షన్ హాల్లో అర్ధరాత్రి, మొహం మీద వీడియో లైట్లు, అంత లైట్లో బాగా లేత రంగులు పాలిపోయి దాదాపు తెల్లగా పడతాయి, వంకాయ రంగు మాత్రం నిలబడుతుంది. నమ్మకం లేకపోతే ఒక రాత్రి ఇంట్లో ఆ చీరా ఒక లేత చీరా భుజం మీద వేసుకుని పసుపు రంగు బల్బు కింద ఫోన్లో ఫొటో తీసి చూడు, పగలు కిటికీ దగ్గర ఇంకోటి తియ్యి.

ఇంకో మాట, పాస్టెల్స్ అని కొత్తగా అంటున్నాం గానీ ఉల్లిపొర రంగు, గంధం రంగు అని మన అమ్మమ్మలు వాటినీ కట్టారు. నీకు ఉల్లిపొర రంగే ఇష్టమై ఉంటే అదే కట్టుకోమని చెప్పేదాన్ని, కానీ నీ ఉత్తరంలో ఆ ఇష్టం ఒక్క ముక్కలో కూడా లేదు.

మ్యాచింగ్ సంగతి. అసలు మన పెళ్ళిలో మ్యాచింగ్ ఎప్పుడో పెట్టేశారు కదా, మధుపర్కాలు! ఇద్దరికీ తెల్లబట్టే, అంచు మాత్రం ఎరుపో పసుపో. జీలకర్ర బెల్లం అయ్యాక మార్చుకునేవాళ్ళున్నారు, మొదటినుంచీ వాటితోనే కూర్చునేవాళ్ళున్నారు, మీ ఇంట్లో ఏ పద్ధతో పంతులుగారిని ముందే అడిగేయి, ఎందుకంటే పట్టుచీర ఎంతసేపు ఒంటిమీద ఉంటుందో దాన్నిబట్టి తెలుస్తుంది. మొదటినుంచీ మధుపర్కమే అయితే అమ్మ చీర గౌరీపూజకి కట్టుకో.

తలంబ్రాలు కూడా గుర్తుపెట్టుకో, పసుపు బియ్యం కదా, మెడ దగ్గర చెమటకి అంటుకుని లేత చీర మీద మరక పడితే ఒక పట్టాన పోదు, కంగారులో సబ్బు పెట్టారంటే ఎర్రగా మారుతుంది, పారాణి ఎర్రగా వచ్చేది కూడా పసుపులో సున్నం కలిపితేనే. వంకాయ రంగు మీద ఆ భయం తక్కువ.

మండపం అతనితో మాత్రం గట్టిగా చెప్పు, చీర ఇది, దీనికి తగ్గట్టు పూలు పెట్టండి అని. వంకాయ రంగు వెనక బంతిపూలు, మల్లెలు, మామిడాకులు ఉంటే చాలు, ఫిబ్రవరిలో బంతి దొరుకుతుంది కూడా. ఒళ్ళు ఒక రంగు అంచు దానికి బాగా ఎదురు రంగు పెట్టడం మన నేతగాళ్ళకి కొట్టిన పిండి, గద్వాల చీరలు చూడు, ఒళ్ళు నూలు, అంచూ పైటా పట్టు, చిలకపచ్చకి కుంకుమ రంగు అంచు వేసినా కంటికి ఎబ్బెట్టుగా ఉండదు. పెళ్ళికొడుక్కి గంధం రంగు పట్టుపంచె తీసుకోండి, అంచు ఆవపిండి రంగుకి దగ్గరగా ఉంటే సరిపోతుంది.

పని మాత్రం ఇప్పుడే మొదలుపెట్టు. చీర మొత్తం విప్పి లైటుకి ఎదురుగా పట్టుకుని చూడు, పాత పట్టు మడతల దగ్గరే చిట్లుతుంది. చిట్లి ఉంటే రఫ్ఫు చేసేవాళ్ళకి చూపించు, పాత ఫాల్ తీసేసి కొత్తది వేయించు, బ్లౌజు కొత్తది కుట్టించుకో.

నా పెళ్ళికి అందరూ అంటున్నారని టిష్యూ చీర కొన్నాను, ఆ రోజు తర్వాత ఒక్కసారి కూడా కట్టలేదు. మా అమ్మ నెమలికంఠం రంగు చీర అడగాలని ఆ రోజు నాకు తట్టలేదు, ఇప్పుడు ఆ చీరా లేదు అమ్మా లేదు. అందుకే నీకింత రాశాను.

ప్రశ్న: మా మరదలి పెళ్ళికి హల్దీలో ఆడవాళ్ళందరూ ఒకే రకం లావెండర్ చీర కొనుక్కోవాలని గ్రూపులో మెసేజ్ పెట్టారు. మా ఇంట్లో ముగ్గురం, ఖర్చు ఎక్కువ. వద్దంటే బాగుండదేమో? – ఒక వదిన, ఖమ్మం

జవాబు: బాగుండకపోవడం ఏమీ లేదండి. గ్రూపులో కాకుండా మరదలికే ఫోన్ చేసి, మా దగ్గర పసుపు చీరలున్నాయి అవే కట్టుకొస్తాం అని మామూలుగా చెప్పండి. పసుపు కొట్టే చోటికి పసుపు చీరలో వస్తే ఎవరేమంటారు? పైగా నలుగురు పసుపు పూసే చోట కొత్త లావెండర్ చీర పాడవ్వడం ఖాయం. మీలాగే ఇబ్బంది పడుతున్నవాళ్ళు ఆ గ్రూపులో ఇంకా ఉంటారు, మీరు ముందు చెప్తే వాళ్ళకీ కాస్త ఊపిరాడుతుంది.