మాటలు తీసేసి మళ్ళీ రాయి

చి. శ్రావణికి,

నీ స్క్రిప్టు చదివాను. మాటలు బాగున్నాయి. చిక్కంతా అక్కడే వచ్చింది. మొదటి సీనులోనే తల్లి తన కష్టమంతా పక్కింటావిడకి చెప్పేసుకుంది, ఇక చూసేవాడికి ఏం మిగిలింది? ఎవరో దర్శకుడు నీకు రాయడం రాదన్నాడని బాధపడుతున్నావు. జపాన్ దర్శకుడు, రచయిత కనెటో షిండో సంగతి చెప్తాను, విను.

1912లో హిరోషిమా ప్రాంతంలో పుట్టాడు. తండ్రి ఎవరికో హామీ ఉండి ఆస్తంతా పోగొట్టుకున్నాడు. షిండో సినిమాల్లో చేరింది ఫిల్ము కడిగే పనికి. తర్వాత ఆర్ట్ డిపార్ట్‌మెంట్‌కి మారి, పేరున్న దర్శకుడు మిజోగుచి దగ్గర పనిచేస్తూ ఆయనకి తన రాత చూపించాడు. ఇది స్క్రిప్టు కాదు, ఉత్త కథ అని తేల్చేశాడాయన. కుంగిపోయాడు పాపం. కానీ నాటకాల సంపుటాలు ముందేసుకుని చదవడం మొదలుపెట్టాడు. అప్పుడు అండగా నిలబడిన భార్య 1943లో క్షయతో పోయింది. 1951లో దర్శకుడిగా తీసిన మొదటి సినిమా ఆమె కథే. ఆ చీవాట్లూ అందులో ఉన్నాయి!

జీవితం మొత్తమ్మీద రెండొందలకు పైగా స్క్రిప్టులు రాసినవాడు 1960లో 'నేకెడ్ ఐలాండ్' తీశాడు. సొంత కంపెనీ అప్పుల్లో ఉంది, ఇదే ఆఖరిదేమో అనుకుంటూ తీసిన సినిమా. దాదాపు మాటల్లేవు. నీళ్ళు లేని చిన్న దీవి. మొగుడూ పెళ్ళాం పడవలో నీళ్ళు తెచ్చి, కావడి భుజాన వేసుకుని, నిటారు గట్టు ఎక్కి మొక్క మొక్కకీ పోస్తారు. ఒకసారి ఆమె కాలు జారి బకెట్ ఒలికిపోతుంది. అతను వచ్చి చెంప పగలగొడతాడు. ఆ నీళ్ళ ఖరీదెంతో అప్పుడు తెలుస్తుంది మనకి. కొడుకు పోయాక ఆమె బకెట్ విసిరేసి, మొక్కలు పీకేసి, నేల మీద పడి ఏడుస్తుంది. అతను ఏమీ అనడు, కాసేపు చూసి మళ్ళీ నీళ్ళు పోస్తాడు. ఆమె కూడా లేస్తుంది. (సంగీతం కాస్త ఎక్కువైందని నాకనిపిస్తుంది, అది వేరే సంగతి.) 1961లో మాస్కో చిత్రోత్సవంలో పెద్ద బహుమతి గ్రాండ్ ప్రి వచ్చింది, కంపెనీ నిలబడింది.

నీకు తొందర కూడా ఎక్కువే. 1944లో, యుద్ధం రోజుల్లో, షిండోని నేవీలోకి తీసుకున్నారు. ఆ జట్టులో వందమందికి మిగిలింది ఆరుగురు. ఆ అనుభవంలోంచి పుట్టిన 'పోస్ట్‌కార్డ్' సినిమా తీసేనాటికి అతని వయసు 98.

పక్కింటావిడని తీసెయ్. ఆ తల్లి ఆ పూట ఏం పని చేస్తోందో, చేతిలో ఏముందో అదొక్కటే రాయి. వచ్చే నెల హైదరాబాద్ వస్తున్నాను, ఆ సీను పట్టుకురా.

ఆశీస్సులతో,
మీ మాస్టారు