ఫాంటసీ లోకంలో సూర్యస్తోత్రం నిజమైనదిలా అనిపించాలంటే ఎలా రాయాలి?

సూర్యుణ్ణి కొలిచే ఒక జాతిని ఊహించి, తీరా వాళ్ల స్తోత్రం దగ్గరికొచ్చేసరికి చాలామంది ఆగిపోతారు. రాసినదంతా ఉత్త పొగడ్తలా ఉంటుంది. ముందు ఒకటి తేల్చుకోండి: సూర్యుడు రాకపోతే ఆ జనానికి ఏమవుతుంది?

ఈజిప్టులో, అమర్నాలోని ఆయ్ అనే అధికారి సమాధిలో చెక్కిన, ఆటెన్ అనే సూర్యబింబ దేవుడి స్తోత్రం క్రీస్తుపూర్వం 14వ శతాబ్దం నాటిది. అందులో సూర్యుడు అస్తమించగానే సింహాలు గుహలు వదిలి వస్తాయి, పాములు కాటేస్తాయి. తెల్లవారితే మనుషులు లేచి, ఒళ్లు కడుక్కుని, చేతులెత్తి మొక్కుతారు. గుడ్డులోని పిల్లకి ఊపిరి పోసేది కూడా ఆయనే అంటుంది. ఎంత చిన్న వివరం! నాకు భక్తి అక్కడే కనిపిస్తుంది.

మీ లోకంలో ఆరు నెలలు చీకటైతే, స్తోత్రమంతా ఎదురుచూపే కావాలి: "మంచు కింద మా విత్తనం మేలుకునే ఉంది, దాన్ని పేరు పెట్టి పిలువు." ఎండకి నదులు ఇంకిపోయే చోటైతే అది బతిమాలుకోవడం అవుతుంది.

ఇక స్తోత్రం నడక, అంటే లయ. అది నోటికి రావాలి. సూర్యుడి రూపమైన సవితృ దేవుణ్ణి స్తుతించే గాయత్రి మంత్రం ఛందస్సు ప్రకారం ఎనిమిదేసి అక్షరాల మూడు పాదాలు, మొత్తం 24 అక్షరాలే. మీరూ పాదాలు చిన్నవిగా ఉంచండి, ఒక మాటని మళ్లీ మళ్లీ రానివ్వండి.

స్తోత్రం మొత్తం కథలో పెట్టకండి. టెన్షన్‌లో ఉన్న ఒక పాత్ర రెండు పాదాలు గొణుక్కుంటే చాలు, మిగతాది పాఠకులే ఊహించుకుంటారు.